ఇంటర్వెల్ దాకా

గోదారి ఎర్రబడి ఉన్న వారం అది.
ఆఖరి పంటు ఎనిమిదింటికే అన్నారు రేవులో.
అందుకే నరసాపురంలో మేం చూసిన బొమ్మల సినిమా
సగమే.

క్వార్టర్లీ లెక్కల పరీక్ష అయిన సాయంత్రం.
ఇమ్మానుయేలు, లోవకుమారి, పల్లంరాజు, నేను.
పరీక్ష అట్ట మీద వేరుశనక్కాయలు పోసుకుని
చీకట్లో తడుముకుంటూ తిన్నాం.

తెర మీదా నలుగురే.
నీలంజుట్టు పిల్ల, కళ్లజోడు కుర్రాడు,
ఎప్పుడూ ఏదో నమిలేవాడొకడు,
అసలు నోరు విప్పనిది ఒకత్తి.
వాళ్లు ఒకర్నొకరు ‘మిత్రమా’ అని పిలుచుకుంటుంటే
పల్లంరాజు కుర్చీలోంచి జారిపోయేలా నవ్వాడు.
మా వైపు మిత్రమా అన్నవాడు
చీటీ డబ్బులు ఎగ్గొట్టబోతున్నాడని అర్థం.

బడి మెట్ల కింద, చీపుర్ల గదిలో
వాళ్లకో తలుపు దొరుకుతుంది.
అవతల అదే బడి, అవే మెట్లు, అదే వాన.
వాన మాత్రం
నేల మీంచి పైకి కురుస్తోంది.
అక్కడా వాళ్లే ఉన్నారు.
గంట కొట్టగానే బయటికొచ్చారు,
ఒకరు, ఇద్దరు, ముగ్గురు.
ముగ్గురే.
నీలంజుట్టు పిల్ల నాలుగో పేరు అడగబోయింది.
లైట్లు వెలిగాయి.

సమోసాల వాసన. గోడ గడియారంలో ఏడూ నలభై.
‘పదండెహె, పంటు పోద్ది!’

గడ్డి ట్రాక్టరు, పాల క్యాన్లు, ఒక పెళ్లి వ్యాను,
వాటి మధ్య ఇరుక్కుని మేము.
గుర్రపుడెక్క దిబ్బలు దిబ్బలుగా
సముద్రం దిక్కుకి పోతోంది.
నరసాపురం దీపాలు ఎంత దూరమో
సఖినేటిపల్లి దీపాలూ అంతే దూరమైన చోట
ఇంజను ఒకసారి దగ్గింది.

‘అక్కడ లేనిది ఎవరంటావ్?’ ఇమ్మానుయేలు.
వాడే చెప్పాడు: ‘ఆ లోకంలో ఆడు పుట్టనే లేదు.
ఎవరికీ బెంగ కూడా లేదు. అదీ భయం.’
లోవకుమారి చేతిలో లేసు ముక్క.
వాళ్లమ్మ ఏజెంటుకి రేపివ్వాలి. తలెత్తకుండానే అంది:
‘తలుపు మూసుకుపోకుండా
ఒకరు పట్టుకుని నిలబడాలి గదా. అక్కడుంది.’
నేనేదో చాలా తెలివిగా అన్నాను.
ఇప్పుడు గుర్తు లేదు.
పల్లంరాజు తొక్కలు నీళ్లలోకి విసురుతూ,
‘బళ్లోకి రాలేదంటే
పనికెళ్లుంటాడ్రా, ఇంకేం ఉంటది’ అన్నాడు.
అందరం నవ్వాం.

దీపావళి వెళ్లిన సోమవారం
హాజరు పిలుస్తూ పిలుస్తూ
ఒక పేరు దగ్గర మాస్టారు రెండుసార్లు ఆగారు.
వాళ్ల నాన్న మోకాలు విరిగిందట.
రొయ్యల చెరువు మీద రాత్రి కాపలాకి
వీణ్ని పెట్టారట.
సాయంత్రం గంట కొట్టారు. బయటికొచ్చాం.
ఒకరు, ఇద్దరు,

నేను లెక్కపెట్టడం ఆపేశాను.

లేసులో దారం ఎంతో ఉండదు, కన్నాలే ఎక్కువ,
కన్నం లెక్క తప్పితే పువ్వు రాదు
అనేది లోవకుమారి వాళ్లమ్మ.
అప్పుడది లేసు సంగతే అనుకున్నాను.

ఆ సినిమా ఫోన్లోకి ఎక్కించుకుని
మొన్న చెరువు గట్టు మీదికి వెళ్లాను.
మేత బస్తాల మీద కూర్చున్నాడు పల్లంరాజు.
గొంతు మారింది. మీసం వస్తోంది.
‘చూద్దామా రెండో సగం?’
‘ఉండు, ఫ్యాన్లు వేసొస్తా’ అన్నాడు.

స్విచ్చి పడింది.
ఆ నల్లటి నీళ్లు నాలుగు మూలలా
ఒక్కసారి లేచి
దీపం వెలుగులో
కిందినుంచి పైకి
కురవడం మొదలుపెట్టాయి.

నేనేం మాట్లాడలేదు.
వాడికి అది రోజూ ఉండేదే.
టార్చి పట్టుకుని ట్రే ఎత్తి చూసి
‘తిన్నాయ్’ అన్నాడు, నాతో కాదు.

ఫోను జేబులోనే ఉంది.
ఆ పాకకి తలుపు లేదు, రెండు వెదుళ్లు, ఒక గోనెపట్టా.
అయినా వాడు గట్టు చుట్టి వచ్చేదాకా
గోనెపట్టా ఎత్తిపట్టుకుని
గుమ్మంలోనే నిలబడ్డాను.