కార్పొరేషన్ కమిషనర్ గారికి

"విషయం:" అని కొట్టి ఆగిన.
ఆమె నా బల్ల మీద నోటీసు పరిచి
మడతలు పోయేటట్టు అరచేత్తోని రుద్దుతాంది,
పెనం మీద నీళ్లు జల్లి తుడిచినట్టు.

ఈసంపెల్లి కొమురక్క.
ఎనుమాముల మార్కెట్ కాడ హమాలీల హోటలు.
బోర్డు లేదు. పందొమ్మిదేండ్లు.
తెల్లారగట్ల నాలుగింటికి పొయ్యి.
మిర్చి బస్తాలు దించి ఎర్రబడ్డ కండ్లకు
ముందుగాల చెంబెడు నీళ్లు, ఎనుక ఛాయ,
ఆ తర్వాతనే అట్టు, పల్లీల తొక్కు.

"అపరిశుభ్ర పరిస్థితుల దృష్ట్యా" అని ఉన్నది నోటీసుల.
గట్లంటె ఏంది తమ్మీ, అన్నది.
చెప్పిన.
ఏం మాట్లాడలే.
కొంగు అంచును గోరుతోని గీకింది.
అక్కడ మరకేం లేదు.

నేను నాకొచ్చిన పద్ధతిల కొట్టుకపోయిన:
"దుకాణం ముందున్న మురుగు కాల్వ తమ కార్యాలయమునకు చెందినది.
మూడు నెలలుగా పూడిక తీయబడలేదు.
తనిఖీకి విచ్చేసిన అధికారులు సదరు కాల్వను దాటుటకు
అప్పీలుదారు సొంత ఖర్చుతో వేసిన బండనే వాడుకొనియున్నారు."
మంచి వాక్యం. నాకే ముచ్చటైంది.
అద్దాలు తీసి తుడుసుకున్న.

"బొద్దింక సంగతి రాసినవా?"
లేదక్కా, అది మనం రాయద్దు.
"రాయి. ఒక్కటి ఉండె, పిండి డబ్బా ఎనుక.
సారు కంటె ముందు నేనే చూసిన.
తినెటోళ్ల ముంగట చెప్పెట్ల ఎత్తుదు
అని ఊకున్న."

ఇరవై ఆరేండ్ల సంది ఈ మిషన్ కొడుతున్న.
తన తప్పు తానే కొట్టిచ్చుకున్నోళ్లు
ఒక్కలు రాలే నా బల్ల కాడికి.
దీంట్ల 'బ' అక్షరం జర పైకెగురుతది.
బొద్దింక అని కొట్టంగనే
లైను దాటి పాకుతున్నట్టే కనబడ్డది.

పదకొండో నాడు సీలు తీసి చూద్దామన్నరు.
పైసలు తీసుకున్న పాపానికి నేనూ పోయిన.
లక్క పగిలింది. షట్టరు లేసింది.
ఆనాడు రుబ్బిపెట్టిన పిండి
గంజు మూతను నెట్టుకోని పొంగి
గడప దాక పారి, గడ్డకట్టి,
మీద పచ్చటి బూజు,
బూజు మీద ఈగలు.
సార్ల ముక్కులకు దస్తీలు.
ఒకాయన కాగితం మీద గబగబ రాసుకుంటున్నడు.

నాకు కడుపుల దేవినట్టైంది.
సార్, తాళం మీదే కద, అందామనుకున్న.
గొంతుల వాక్యం తయారుగున్నది,
కర్త, కర్మ, క్రియ, ఏది ఎక్కడుండాల్నో అక్కడ.

కొమురక్క నన్ను చూడలే, వాళ్లనూ చూడలే.
కొంగు నడుముకు చుట్టి దోపింది.
ఎదురుంగున్న పంచర్ షాపు పిలగాన్ని
బకెట్టు నీళ్లడిగింది.
చీపురు పుల్లలు అరచేతిల కొట్టి సమం చేసుకోని
"జర పక్కకు జరుగుండ్రి సార్లూ,
బూట్లకు అంటుతది."

రాసేటాయన పెన్ను ఆగింది.
ఎక్కడ ఆగిందో, అప్పటికే ఏం రాసిండో
తెలువాలంటె కాపీకి మళ్ల దరఖాస్తు పెట్టాలె.

అది వేరే అర్జీ.
దానికి నేను పైసలు తీసుకోలే.
ఛాయ తాగిన, పంచర్ షాపు మెట్ల మీద,
ఆమె పక్కింటి పొయ్యి మీద కాసి తెచ్చింది.
గిలాస రెండుసార్లు కడిగి ఇచ్చింది,
నేను చూస్తుండంగ.