ఒక నిమిషం గది చప్పుడు

ప్రతి షూటింగు చివర సులోచనక్క చెయ్యెత్తేది.
ఎవరూ కదలొద్దు. ఫ్యాను మాత్రం తిరగనియ్.
ఒక్క నిమిషం
ఆ గది నిశ్శబ్దాన్ని పట్టుకోవడం నా పని.
ఏ గది నిశ్శబ్దం ఆ గదిదే.
ధూల్‌పేటలో అది పతంగి కాగితంలా గరగరలాడుతుంది.
యాకుత్‌పురాలో రైలు పోయిన తర్వాత కూడా
కాసేపు గోడల్లో ఉంటుంది.

పద్దెనిమిదేళ్లలో ఏడు సినిమాలు.
ఒక్కటీ హాలు మొహం చూడలేదు.
మాఘంలో, వైశాఖంలో ఫంక్షన్ హాళ్లలో
జీలకర్రబెల్లం, తలంబ్రాలు తీసేవాళ్లం.
ఆషాఢంలో ముహూర్తాలు లేవు గనక
మాకు సినిమా ఉండేది.
"పెండ్లికూతుళ్లే మన నిర్మాతలు" అని నవ్వేది అక్క.

ఆమె ప్రశ్న అడగదు.
కెమెరాను పీట ఎత్తులో పెట్టి, తానూ కింద కూర్చుంటుంది.
ఎదుటి మనిషి చెప్పాల్సింది చెప్పేసి
అయిపోయిందా అన్నట్టు చూస్తాడు.
ఆమె ఆపదు.
ఇరవై సెకన్లకో, ముప్పైకో
గొంతు సవరించుకుని అసలు మాట బయటికొస్తుంది.
మ్యాన్‌హోల్‌లోకి దిగే బాలమల్లయ్య
తాడు గురించి అంతా చెప్పి, ఊరుకుని,
"ఇంటికి పోయినంక నా బిడ్డ నా చేతులు వాసన చూస్తది" అన్నాడు.
సినిమాలో తాడు లేదు. చేతులున్నాయి.

ఢిల్లీ నుంచి వచ్చినాయన ఒకరు
బొమ్మల మీద బరువైన మగగొంతు పెట్టమన్నాడు,
పెడితే డబ్బిస్తానన్నాడు.
అక్క చాయ్ తాగించి పంపింది.
ఆ నెల నా జీతం కూడా ఆ చాయే.

బస్తీల్లో దుప్పటి కట్టి చూపించేవాళ్లం.
జనం సినిమా చూడరు, "అరే, మన సైకిల్!" అంటారు.
తెరమీద తనను చూసుకుని ఒక ముసలమ్మ
ఇక్కడ, చీకట్లో, కొంగు సర్దుకుంది.

లాడ్‌బజార్ వెనక గల్లీలో రహీమున్నీసా
లక్క గాజులు చేస్తుంది.
కుంపటి ముందు పదకొండు నిమిషాలు, ఒక్క కట్ లేకుండా,
ఒకే ఒక్కసారి కుదిరి
మళ్లీ ఎన్నడూ కుదరని పచ్చరంగు గురించి చెప్తూ
ఏడ్చింది.
తెల్లారి వచ్చి "మిటా దేవ్ బేటా" అంది.
ఎందుకో చెప్పలేదు.
అక్క అడగలేదు. ప్రశ్న అడగదని చెప్పాను కదా.
ఆమె కళ్లముందే కార్డు ఖాళీ చేసింది.
అంత మంచి షాట్ మేమెప్పుడూ తియ్యలేదు.
సినిమాలో ఇప్పుడు అక్కడ
ఆరిపోతున్న కుంపటి ఉంది, అంతే.

కానీ చప్పుడు వేరే డబ్బాలో ఉంటుంది.
ఆ డబ్బా నాది.
నన్నెవరూ తీసేయమనలేదు.
నేనూ ఎవరికీ చెప్పలేదు.

మలక్‌పేటలో లారీలు తగ్గాక
ఒక్కో రాత్రి హెడ్‌ఫోన్ పెట్టుకుంటాను.
ఏడుపు జోలికి పోను. చివరి నిమిషం వింటాను:
బొగ్గు చిటపట, గల్లీలో మేక మెడ గంట,
గాజులు ఒకసారి కదిలి ఆగడం,
అక్క ఊపిరి,
దానికి కొంచెం వెనగ్గా నాది.
తీసేద్దామని మీట మీద వేలు పెడతాను.
ఎవరో చెయ్యెత్తినట్టు
కదలకుండా కూర్చుంటాను.