పూత

పొట్ట చేతబట్టుకొని వచ్చినోళ్లం అంటరు గద,
ఆ పొద్దు నేను నిజంగనే పట్టుకొని పోయిన,
జుబైల్‌ల క్లినిక్‌కు.
ఎడమకు తిరిగి పండుకున్న.
కెమెరా పైపు గొంతుల నుంచి దిగింది.

తెర మీద నా లోపలి గోడ.
ఎర్రగ, ఉబ్బి, అక్కడక్కడ పొక్కిలి.
ఎక్కడో చూసినట్టే ఉంది.

యాసిడ్ ట్యాంకులల్ల పూత పని నాది.
ఇసుక కొట్టి ఇనుమును తోమి
మూడు పొరలు వేసి, ఆరినంక
కరెంటు బ్రష్షు తిప్పుకుంట పోత.
సూదిమొనంత సందున్నా
చిటుక్కున నీలి రవ్వ లేస్తది.
చాక్‌పీసుతోని సున్న చుడుత.
ట్యాంకు ఒక్కనాడు కారదు.
ముందుగాల మెరుపు పోతది, అంతే.
ఎవ్వడూ చూడడు.

డాక్టర్ ఇద్రీస్ అరబ్బీల అంటే
నర్సు షైనీ హిందీల చెప్పింది:
ఇది మొన్నటి వాపు కాదు, ఏండ్లది.
ఓ పురుగు కాపురముంది,
చిన్నప్పుడే చేరి ఉంటది.
ఎవరి ఎంగిలి గ్లాసో!
వీసా లేదు, టికెట్ లేదు,
నాతోనే దిగిందన్న మాట దమ్మాంల.

ఇగ మిగిలింది నా పుణ్యమే.
నాలుగింటి బస్సుకు ముందు ఉత్త సులేమాని చాయ్,
నడుము గోలి పరగడుపున.
కడుపుల పెట్టుకో రాజలింగూ అంటే
అన్నీ పెట్టుకున్న:
ఫోర్‌మన్ తిట్టు, ఏజెంటు మిత్తి,
బావమరిది ఎగ్గొట్టిన లక్షా ఇరవై.
కెమెరాకు అవి కనబడలె.
డాక్టరూ అడగలె.

చిన్నప్పుడు నోరు పూస్తే
మా అవ్వ వేలితోని నెయ్యి రాసేది.
కడుపు గూడ పూస్తదని అవ్వకేం ఎరుక.

పూత ఎంత మందముంటదని అడిగిన.
షైనీ తన గోరు చూపెట్టింది,
ఇంత గూడ ఉండదంది.
పద్నాలుగు దినాల గోలీలు,
కారం బంద్, ఆ నడుము గోలి బంద్,
మళ్ల తనంతట తానే వేసుకుంటదట,
నువ్వు గెలకకుంటే చాలట.
నవ్వొచ్చింది.
మా పనిల పాతది గీకి పారేస్తేనే
కొత్తది పట్టేది.

ఇప్పుడు పన్నెండు కొట్టంగనే
మ్యాన్‌హోల్‌లకెల్లి బయటికొస్తున్న.
ఫోర్‌మన్ గడియారం చూస్తడు, చూడనీ.
ట్యాంకు నీడల కూసొని
ఖుబ్బూసు పెరుగుల ముంచి మెల్లగ నములుత.
ఎదురుంగ నేను రాసిన బోర్డే,
అరబ్బీల, హిందీల:
పచ్చి పూత, ముట్టద్దు.

పందొమ్మిదేండ్లల
తెలుగుల ఒక్కసారి రాసుకోలె.