అరుగుదల

కొత్త కోటు ఎవరి మాటా వినదు.
పెళ్ళిలో అలిగిన వియ్యంకుడిలా
భుజాలెగరేసి నిలబడుతుంది.
దాని బిగువు దించడం నా పని.

గరుకు కాగితం, ఇనప బ్రష్షు,
చల్లారిన టీ డికాషను, చీజు తురుముకునే రేకు.
నలభై ఒక్క ఏళ్ళుగా నా పనిముట్లు ఇవే.
జేబుల్లో గులకరాళ్ళు పోసి
మూడు రాత్రులు ఆవిరిగదిలో వేలాడదీస్తే
నాలుగోనాటికి
పాతికేళ్ళు తాళంచెవులు మోసిన జేబవుతుంది.
రక్తం మేకప్పువాళ్ళది.
చెమట, వాన, గడిచిపోయిన కాలం నావి.

మా ఊరు వూచ్. పోలిష్‌లో ఆ మాటకి పడవ అని అర్థం.
పడవ తేలేంత నీళ్ళు ఊళ్ళో ఎక్కడా కనిపించవు.
ఉన్న వాగుల్ని బట్టల మిల్లులవాళ్ళు ఎప్పుడో
రోడ్ల కిందికి తోసేశారు.
అమ్మ ఆ మిల్లుల్లోనే నేసింది.
మగ్గాల మోతకి చెవులు పోయి
పెదాలు చూసి మాట పట్టుకునేది.
సినిమావాళ్ళ బట్టలు పాతవి చేసే ఉద్యోగం అంటే
నా పెదాలు సరిగా చదవలేదనుకుని
మళ్ళీ చెప్పమంది. మళ్ళీ చెప్పాను.
"కాళ్ళు వాచేలా నిలబడి కొత్తవి మేం నేస్తాం,
కూర్చుని నువ్వు పాడుచేస్తావు. దానికి జీతమా?"

మొదటి సినిమా పేర్లలో నేను లేను.
మూడోదాంట్లో ఉన్నాను,
ఒతీలియాలో ఒక అక్షరం తక్కువగా.

ట్రాముల్లో టికెట్లు చూసే మనిషి కథ అది.
"వీడికి భార్య పోయింది. ఎవరూ చెప్పకుండా తెలియాలి"
అన్నాడు దర్శకుడు స్తెంపోవ్‌స్కీ.
రాత్రంతా కోటు ఒళ్ళో పెట్టుకు కూర్చుని
తెల్లారగట్ల కింది గుండీ తెంపేశాను.
నీలం కోటుకి నల్లదారంతో,
సూది పట్టడం రాని మగవాడి చేత్తో,
ముడి పైకి కనిపించేలా మళ్ళీ కుట్టాను.
కిటికీకి ఆనుకునే మనిషి కదా అని
కుడి మోచెయ్యి అరగదీశాను.

కెమెరా ఛాతీ కిందికి దిగలేదు.

తొంభైల్లో స్టూడియో మూతపడింది.
బట్టలు కిలోల లెక్కన అమ్మేశారు.
రాజులు, సైనికులు, నర్సులు, అందరూ ఒకే తక్కెడలో.
నేను చూడ్డానికి వెళ్ళలేదు.

పన్నెండేళ్ళ తర్వాత, ఫిబ్రవరిలో,
బవూతి ట్రాం స్టాపులో నా కోటు నిలబడి ఉంది.
లోపల ఒక ముసలాయన. పక్కన చెవి తెగిన కుక్క.
ముందు నా కళ్ళు నా పనిమీదికే పోయాయి.
కుడి మోచెయ్యి నేను వదిలినట్టే ఉంది,
ఒక్క పోగు ఎక్కువ తక్కువ లేకుండా.
అరిగింది ఎడమ మణికట్టు దగ్గర.
కుక్క తాడు చుట్టుకునే చోట
నీలం వెలిసి, ఉన్ని చచ్చి
గవ్వలా మెరుస్తోంది.

కుక్క.
ఇన్నేళ్ళలో ఏ ఒంటరివాడికీ
నేనొక కుక్కని ఇవ్వలేదు.

మిగతా గుండీలన్నీ మారాయి. కిందిది మారలేదు.
అడగకూడదు. వేలు చూపించి అడిగాను.
"అదా," అన్నాడు, "ఎవడో నాబోటివాడే కుట్టుకున్నాడు పాపం.
విప్పబుద్ధి కాలేదు."
ట్రాం వచ్చింది. కుక్కని ముందు ఎక్కించాడు.
నేను ఎక్కాల్సిన ట్రామే అది. ఎక్కలేదు.

ఇప్పుడు బయటి దేశాల కంపెనీలొస్తాయి.
అద్దె షెడ్డులో పని, హీటరు సగం రోజులు వెలగదు.
గులకరాళ్ళు పోసేటప్పుడు
రెండో జేబులో ఎండు రొట్టెముక్క ఒకటి వేస్తాను.
ఎలకలు పడుతున్నాయని
సామాన్ల గది చూసే యాగ్నా
రోజూ తిడుతుంది.