ఎనిమిది వారాలు

మూడు పేజీల ఉత్తర్వు.
మొదటి పేజీ నిండా మా ఆయన పేరు, తండ్రి పేరు,
కొరుక్కుపేట డోర్ నంబరు.
పెళ్ళి శుభలేఖలో కూడా పెంచలయ్యకి
య కింద ఒత్తు ఎగిరిపోయింది.
ఇక్కడ ఉంది.

రెండో పేజీలో నీళ్ళు.
ఇంగ్లీషులో ఉన్నదాన్ని లాయరమ్మ అరుళ్‌మొళి తమిళంలో చెప్పింది,
నేను తెలుగులో నమ్మాను.
వరదప్పుడు పిటిషనరు పదకొండు పంపుసెట్లు సరఫరా చేశాడని
ఒక్క వాక్యం.
అందులో డీజిల్ కంపు లేదు.
పుళియాంతోపు సందుల్లో నడుంలోతు నీళ్ళలో
మోటారు మోస్తూ మోస్తూ
మా మరిది మ్యాన్‌హోల్లో కాలు పెట్టిన సంగతి లేదు.
పంతొమ్మిది రాత్రులు నేను టార్చిలైటు నోట కరుచుకుని
లాగ్ షీట్లో గంటలు రాసిన సంగతి లేదు.
ఏఈ గారు సంతకం పెడుతుంటే
వానకి ఇంకు పాకి
ఆయన పేరు చిన్న నీలి గుంటయింది.
తర్వాత అదే అడిగారు, ఈ మరక ఎవరిదని.

నాలుగేళ్ళు.
ఆడిట్ ప్రశ్న ఒకటి, దానికి జవాబు, ఆ జవాబు మీద ప్రశ్న.
కింద అడిగితే ఫైలు పైనుందంటారు,
పైకి పోతే కిందికి పంపామంటారు.
మెట్ల మీదే ఉండాలి మరి,
ఒకసారి ఇద్దరం వెతుక్కుంటూ దిగాం, నవ్వుకుంటూ.
పదకొండు మోటార్లలో ఐదు అమ్మి
డీజిలు బాకీ కట్టాం.

మూడో పేజీ చివర కోర్టువారి మాట:
క్లెయిము మంచిచెడ్డల జోలికి పోకుండా,
ఈ ప్రతి అందిన ఎనిమిది వారాల్లోగా
అర్జీని పరిశీలించి తగిన నిర్ణయం తీసుకోవలెను.

"ఇవ్వమందా?" అన్నాను.
"తేల్చమంది."
"లేదని తేల్చితే?"
"అదీ తేల్చినట్టే అక్కా. దాని మీద మళ్ళీ వేద్దాం,"
బ్యాగు జిప్పు లాగుతూ అంది అరుళ్‌మొళి.

ఆ సాయంత్రం మా ఆయన బీచ్ స్టేషన్ బయట
ఉడకేసిన శనక్కాయలు కొన్నాడు.
లేదనిపించుకోడానికే నాలుగేళ్ళు పట్టిందే, అన్నాడు,
ఏదో గెలిచినవాడిలా.

ఇన్‌వార్డ్‌లో గుండ్రటి ముద్ర పడింది.
గ్యాస్ ఏజెన్సీ క్యాలెండర్లో వారాలు కొట్టేస్తూ వచ్చాను.
ఆదివారాలు లెక్కలోకొస్తాయా అని ఫోన్ చేసి అడిగాను.
వస్తాయట.

ఏడో వారం, గురువారం, రాత్రి రెండున్నర.
రేకుల మీద వాన.
ఫోను. అదే ఏఈ గారు.
ఫైలు మెట్లు దిగిందనుకుని లేచి కూచున్నాను.
"పెంచలయ్యా, ఇప్పుడు నీ దగ్గర ఎన్ని మోటార్లున్నాయి?"

ఈయన చాలాసేపు మాట్లాడలేదు.
అవతల, ఫోన్లోనే, ఎవరి బిడ్డో ఏడుస్తోంది.
"ఆరు," అన్నాడు.

"రేటు అడిగావా?"
చొక్కా తలకిందులుగా తొడుక్కుంటున్నాడు.
"నీళ్ళు మంచాలెక్కాయంట."

కొత్త లాగ్ షీటు తీశాను.
ఈసారి బాల్‌పెన్ను. రెండు కార్బన్లు.
ఉత్తర్వు నకలు పాలిథిన్ కవర్లో చుట్టి
ఆటోలో డీజిల్ క్యాన్ల మీద పెట్టాను,
ఎందుకో తెలీదు,
ఏఈ గారికి కనపడేలా.