టేపు ఎక్కుతున్నంతసేపు

మా అమ్మ సెంగా ఆ యంత్రాన్ని
వాయిదాల మీద ఇంటికి తెచ్చింది.
మొదటివారం రబ్బరు మీటల పలక,
రొట్టెల డబ్బాలో, జున్ను ముక్క కింద.
మరుసటివారం బోర్డు, ఉన్ని మేజోడులో దూర్చి.
నల్లటి పెట్టె మాత్రం కోటు లోపల కట్టుకుని
గేటు దగ్గర ముసలి పిట్‌కెత్లీ ముందు
లేని దగ్గు దగ్గుతూ దాటొచ్చింది.
"దొంగతనమేం కాదే. తనిఖీలో పోయిన సరుకు.
పోయినదాన్ని దొరకబుచ్చుకున్నాను, అంతే."

అంతకుముందు చేతిగడియారాలు బిగించిన వేళ్ళే అవి.
ఇప్పుడు కంప్యూటర్లు.
ఇక్కడో టంకం చుక్క, అక్కడో టంకం చుక్క,
పొగ ముక్కులోకి, లెక్క సూపర్‌వైజర్ పలకమీదికి.
ఇందులో ఏముంటుందమ్మా అంటే
"నలభై ఎనిమిది కే" అనేది గొప్పగా.
నలభై ఎనిమిది ఏమిటో తనకీ తెలీదు,
కోడిగుడ్లు కావని మాత్రం తెలుసు.

అది ఎనభైమూడు నవంబరు, డండీలో.
కిటికీ అవతల టే నది కనపడనంత వాన.
అద్దె టీవీ వెనక నాణేల పెట్టె,
యాభై పెన్నీలు వేస్తేనే కళ్ళు తెరుస్తుంది.
టేప్ రికార్డర్ వాల్యూమ్ చక్రం మీద
నేను గోళ్ళరంగుతో పెట్టిన చుక్క.
చుక్క ఇటు జరిగినా అటు జరిగినా
ఆట ఎక్కదు.

మీట నొక్కాను.
ముందు ఎరుపు, లేత నీలం, లావుపాటి చారలు,
ఒకటే కూత.
తర్వాత పసుపు, ముదురు నీలం,
సన్నగా, పిచ్చెక్కినట్టు,
పిల్లుల్ని గోనెలో కట్టి ఊపినట్టు గోల.
అమ్మ చెవులు మూసుకుంది.
అమ్మమ్మ యూఫీమియా మూసుకోలేదు.
ఆమె చెవుల్ని ఎప్పుడో జనపనార మిల్లులో వదిలేసింది.

బెంగాలు నుంచి ఓడల్లో వచ్చిన నార,
తిమింగలం నూనెలో నాని, మెత్తబడి
నలభై ఐదేళ్ళు ఆమె మగ్గం మీదికెక్కింది.
ఆ మోతలో ఎవరి మాటా ఎవరికీ వినపడదు.
అందుకే మా ఇంట్లో ఇప్పటికీ
గొంతుకన్నా పెదాలకే పని ఎక్కువ.

టీవీ అంచున పరుగెత్తే చారల్ని చూసి
ఆమె కుర్చీ ముందుకి జరిపింది.
"పడుగు బాగానే పడింది" అంది.
"ఎవరే నేసేది?"
ఎవరని చెప్పను?

అప్పుడు నాణెం అయిపోయింది.
తెర టప్పున ఆరిపోయింది.
టేపు మాత్రం చీకట్లో కూస్తూనే ఉంది.
అమ్మ పర్సు దులిపింది, నేను సోఫా కింద చెయ్యి పెట్టాను,
ఒక గుండీ, ఒక హెయిర్‌పిన్, బూజు.

అమ్మమ్మ లేచొచ్చి
రికార్డర్ మీద అరచెయ్యి పరిచింది,
జ్వరం చూస్తున్నట్టు.
కళ్ళు మూసుకుంది.
నాడె ఆడుతోంది అన్నట్టు తల ఊపింది,
ఊపుతూ ఊపుతూ
ఆగింది.

"పోగు తెగింది."

ఏం తెగలేదమ్మమ్మా, కూస్తూనే ఉందిగా,
ఆమె ముఖానికెదురుగా నిలబడి పెదాలతో అరిచాను.
ఆమె చూపుడువేలు గాల్లో వెనక్కి తిప్పింది,
ఒకసారి, రెండుసార్లు.
కండె వెనక్కి తిప్పు.

పక్కింటి మిసెస్ డల్హూసీ దగ్గర నాణెం అప్పు తెచ్చి వేశాం.
తెర నిదానంగా వెలిగింది.
తెల్లటి నేల, అడుగున నల్లటి వరస:
టేపు లోడింగ్ ఎర్రర్.
అమ్మ కాలిన బొటనవేలు నోట్లో పెట్టుకుని
తన తల్లినే చూస్తోంది,
తను టంకం వేసిన దాన్ని కాదు.

మళ్ళీ వెనక్కి తిప్పాను.
ఈసారి చివరిదాకా చెయ్యి తియ్యలేదు ఆమె.
ఐదు నిమిషాలు.
పోగు తెగలేదు.

ఆట వచ్చింది: ఒక చిన్న మనిషి, మూడు నిచ్చెనలు,
ఒక్కో అడుగుకీ కీచుమనే శబ్దం.
నేను గంతులేశాను.
అమ్మమ్మ ఆ మనిషిని ఒక క్షణం చూసి,
చారలేవీ అన్నట్టు తెర అంచులు వెతికి,
కుర్చీ వెనక్కి లాక్కుంది.
"అప్పుడే మగ్గం ఆపేశారేం?"