తీగ మీద వచ్చిన ఆట

అల్మిరాంటే రేవులో
అరటి గెలలు లెక్కబెట్టే ఆఫీసులో
టెలిగ్రాఫు బల్ల నాది.
ఆ ఏడాది, యుద్ధం ఇంకా అయిపోలేదు,
పనామా తన రాష్ట్రాలన్నిటినీ
మొదటిసారి ఒకే మైదానానికి పిలిచింది,
బంతీ బ్యాటూ పట్టుకు రమ్మని.

బోకాస్ జట్టుగా మావాళ్లు పదమూడుగురు వెళ్లారు.
బూట్లు పదకొండు జతలే.
అరటి ఓడలో ఒక రాత్రి, రైల్లో ఒక పూట.
చొక్కాల మీద ఊరి పేరు మా అమ్మ కుట్టింది,
ఎర్రదారం చాలక
చివరి రెండు చొక్కాలకి నీలం.

తాత మాత్రం దాన్ని క్రికెట్ అనేవాడు,
వికెట్లు ఎవరో ఎత్తుకుపోయిన క్రికెట్.
బార్బడోస్ నుంచి ఒక పెట్టె, ఒక బ్యాటు తెచ్చుకున్న మనిషి.
పెట్టెని చెదలు తినేశాయి.

మొదటిరోజు మధ్యాహ్నం తీగ కటకటమంది.
నేను రాసి కిటికీలోంచి చీటీ అందిస్తే
హెర్మోజెనెస్ నిచ్చెనెక్కి
ఐసు గిడ్డంగి గోడ మీద సుద్దతో దించేవాడు.
ఆ గోడకి ఎప్పుడూ చెమ్మే.
రాసిన కాసేపటికే అంకెలు కారిపోయి
మూడు ఎనిమిదయ్యేది.
కిందనుంచి ఒకటే గోల:
"ఒరే, మనవి మూడా ఎనిమిదా, సరిగ్గా చెప్పి చావు!"

చిరికీ మీద గెలిచాం.
కోలోన్ మీద,
అబ్బ, కోలోన్ మీద కూడా!
మర్నాడు ఓడకి గెలలు ఆలస్యంగా ఎక్కాయి.
మేనేజరు అరపూట కూలి కోశాడు.
కొయ్యనీ.

చివరి ఆట ఎర్రేరా వాళ్లతో.
ఎనిమిదో ఇన్నింగ్స్ అయ్యేసరికి నాలుగు మూడు, పైచేయి మాదే.
అప్పుడు పట్టుకుంది వాన.
ఎక్కడో కొండ మీద చెట్టు కూలింది కాబోలు,
తీగ నోరు పడిపోయింది.
నేను మీట నొక్కుతూనే ఉన్నాను,
నిద్రపోయిన బిడ్డని కుదిపినట్టు.

గోడ కింద మూడొందల మంది తడుస్తున్నారు.
తొమ్మిదో గడి ఖాళీ.
ఖాళీని ఎవరు మాత్రం ఎంతసేపు చూస్తారు?
చేపలమ్మే బెలిండా
ఎర్రేరా వాళ్లు ముగ్గుర్నీ నోటితోనే అవుట్ చేసేసింది.
ఈలలు, డబ్బాల మోత.
ఎగ్బర్ట్ టెంప్రో పెళ్లాం ఒక్కతే
చేతులు కట్టుకుని నిలబడింది.
మొగుడు ఎడమ మూల కాపలా.
అతన్ని ఆవిడకన్నా ఎరిగినవాళ్లెవరు?

మూడోనాడు ఓడ వచ్చింది.
ముందు దిగినవాడి నడకలోనే స్కోరు తెలిసిపోయింది.
ఎగ్బర్ట్ అందరికన్నా వెనక దిగాడు.
ఎవరూ అడగలేదు. తనే చెప్పాడు.

"ఇద్దరు బేసుల మీదున్నారు.
బంతి నా తల మీంచి పోయింది.
వెనక్కి తిరిగి నిలబడిపోయాను,
నీళ్ల చప్పుడు కోసం."

మా మైదానానికి ఎడమపక్క గోడ లేదు, సముద్రమే.
బంతి నీళ్లలో పడిందా, రెండు బేసులు, అదే చట్టం.
పరుగెత్తేవాడు ఆగుతాడు, పట్టేవాడు ఆగుతాడు,
రేవు పిల్లలు దోనె వేసుకెళ్లి బంతి తెస్తారు,
చొక్కాకి తుడిచి మళ్లీ ఆడతాం.
పుట్టి బుద్ధెరిగినప్పటినుంచీ అంతే.
రాజధానిలో గడ్డి.
గడ్డి మీద బంతి దొర్లుతూనే ఉందట,
ఎర్రేరా వాళ్లు పరుగెడుతూనే ఉన్నారట.

హెర్మోజెనెస్ వేళ్లు మడిచి లెక్కేశాడు:
"మన చట్టమైతే ఒక్కడే వచ్చేవాడు.
నాలుగు నాలుగు. ఆట ఇంకా ఉన్నట్టే."
"అందుకే ఐదు రోజులు ఆడాలంటాను," అన్నాడు తాత.
నవ్వాలో లేదో తెలియక కొందరు దగ్గారు.

ఆ సాయంత్రం తీగ బాగుపడింది.
కటకట, కటకట.
అందరికీ తెలిసిందే మళ్లీ చెప్పింది: ఐదు, నాలుగు.
అలవాటుగా చీటీ రాశాను,
కిటికీ దాకా చెయ్యి చాచాను.
అందుకునేవాళ్లు లేరు.

దూరంగా మైదానం చివర
నడుంలోతు నీళ్లలో ఎగ్బర్ట్ నిలబడి ఉన్నాడు.
ఒడ్డునుంచి అతని పెళ్లాం
బంతి తర్వాత బంతి కొడుతోంది,
అతని తల మీంచి.